పిటిషనులో చోటు దొరకని దొరసాని

కోర్టు వెనక సందు,
దర్జీ కొట్టు

బావా,

ముందు కూర్చో. చేతిలో టీ గ్లాసు ఉంటే పక్కన పెట్టు. నీ కేసు గురించి ఒక కబురుంది. మంచిదో చెడ్డదో నాకింకా తేలలేదు. అందుకే ఆ బరువు నీ నెత్తిన కూడా కాస్త పెడుతున్నాను.

మన పొడుగు లాయరుగారు ప్రాక్టీసు మానేశారు. మోకాళ్ల నొప్పులట. గౌనుకు మామూలు కొలత మీద మూరెడు గుడ్డ ఎక్కువ పట్టే మనిషి. ఆయన కోర్టు వరండాలో నడుస్తుంటే నా కొట్టుకు అంతకంటే ప్రచారం అక్కర్లేకపోయేది. ఫైళ్లన్నీ ఒక లాయరమ్మకు అప్పజెప్పి వెళ్లారు. ఆవిడ నిన్న గౌను భుజం వదులు చేయించుకోవడానికి వచ్చింది. నేను కుట్టు విప్పుతుంటే ఆవిడ స్టూలు మీద కూర్చుని నీ ఫైలు మొదటి నుంచి చివరిదాకా చదివేసింది. చదివి, "ఏమండీ, అసలు ఈ కేసు ఈ కోర్టుకెందుకు తెచ్చారు?" అంది.

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. "ఎందుకేమిటమ్మా, ఇంతకంటే పెద్ద కోర్టు ఈ ఊళ్లో లేదు కాబట్టి!" అన్నాను. ఆవిడ పకపకా నవ్వేసింది. సైన్యంలో ఉద్యోగం పోయినవాళ్ల గొడవలు వినడానికే సైనిక సర్వీసు ట్రిబ్యునల్ అని వేరే ఉందట. అది ఉండగా ఇక్కడికొస్తే జడ్జిగారు లోపలి సంగతిలోకే వెళ్లరట. ప్రతి వాయిదాకూ 'ఇది మేం వినాల్సిన కేసేనా?' అన్న దగ్గరే బండి ఆగిపోతోందట. ఆలోచిస్తే నిజమే బావా. ఈ నాలుగేళ్లలో నువ్వు దళం నుంచి పారిపోయావా లేదా అని ఒక్క జడ్జీ ఒక్కసారైనా అడగలేదు.

ఆవిడ చెప్పేదేమిటంటే, పిటిషను వెనక్కి తీసుకుందాం అని. ఊరికే కాదు, 'ట్రిబ్యునలుకు వెళ్లడానికి అనుమతి ఇస్తూ' అని జడ్జిగారి నోటితో అనిపించుకుని మరీ తీసుకోవాలి. ఆ ముక్క లేకుండా తీసుకున్నామా, ఈ తలుపూ ఆ తలుపూ రెండూ మూసుకుపోతాయి. కాగితం తయారుగా ఉంది. నీ సంతకమే తరువాయి. వచ్చే ఏడు దాటితే నీ వయసు మీరిపోతుందనీ, ఆ తరవాత గెలిచినా నిన్ను తిరిగి దళంలోకి తీసుకోరనీ కూడా చెప్పింది. ఆ మాట విన్నాక సూది వేలికి గుచ్చుకుంది.

అక్క పంపిన కొలతలు తప్పని చెప్పు. తనకు పెళ్లినాటి నడుమే ఇంకా ఉందనుకుంటోంది.

నీ బావమరిది

◆

శీతల గిడ్డంగి,
గేటు గది

ఒరేయ్ కత్తెరా,

టీ గ్లాసు పక్కన పెట్టమన్నావు, పెట్టాను. నీ ఉత్తరం రెండోసారి చదివేసరికి అది లోపలున్న బంగాళాదుంపలంత చల్లబడింది.

మీ లాయరమ్మ చాలా తెలివైనదే కావచ్చు. కానీ పిటిషను వెనక్కి తీసుకోను. నా పేరు పక్కన 'పారిపోయినవాడు' అని రాసి పంపించారు. ఇప్పుడు కోర్టులోంచి కూడా తోక ముడిచి వచ్చేస్తే ఆ రాసినవాళ్లు ఏమనుకుంటారు? 'చూశారా, వీడికిది అలవాటే' అనుకోరూ? ఆ పెద్ద కోర్టులో వేయమని ఒంటికాలి మీద లేచింది నువ్వే. "బావా, ఆ మెట్లు చూస్తేనే అవతలివాళ్లకి చెమట పడుతుంది" అన్నావు. మెట్లు ఎక్కీ ఎక్కీ నాకు పట్టింది చెమట.

ఇంకోటి. ట్రిబ్యునల్‌లో జడ్జి పక్కన సైన్యంలో పనిచేసినవాళ్లే కూర్చుంటారని విన్నాను. వాళ్లడిగే ప్రశ్నలు వేరేగా ఉంటాయి. నాకది ఇష్టం లేదు. ఎందుకని అడగొద్దు.

ఇక్కడంతా మామూలే. లారీలు వస్తాయి, నేను గేటు తీస్తాను. లారీలు పోతాయి, గేటు వేస్తాను. మొన్న ఒక లారీ ఎత్తు ఎక్కలేక మొరాయిస్తుంటే వెనక్కి వెళ్లి దాని ఒంటి మీద రెండుసార్లు తట్టి "హోయ్, హోయ్, ఇంకొంచెం తల్లీ" అన్నాను. డ్రైవరు కిందికి దిగి నన్ను ఎగాదిగా చూశాడు. పద్నాలుగేళ్లు కంచరగాడిదలతో కొండలెక్కినవాణ్ని, అలవాట్లు ఎక్కడికి పోతాయిరా! మళ్లీ ఒక్కసారి ఆ కొండ దారిలో నడిస్తే చాలనిపిస్తుంది. అదొక్కటే నాకు కావలసింది, నీకూ తెలుసు.

కొలతల సంగతి మీ అక్కకు చదివి వినిపించాను. నీకు భోజనం బంద్ అంది.

బావ

◆

కోర్టు వెనక సందు,
దర్జీ కొట్టు

బావా,

నువ్వు అడగొద్దంటే ఊరుకునే రకాన్నా నేను? లాయరమ్మ మాత్రం వేరే ప్రశ్న అడిగింది. కాజాలు తీస్తుంటే ఎదురుగా నిలబడి, "పిటిషన్లో 'రవాణా సంబంధమైన అనివార్య పరిస్థితుల వల్ల' అని రాశారు. ఏమిటండీ ఆ పరిస్థితులు?" అంది.

చెప్పక తప్పలేదు. "ఆ పరిస్థితుల పేరు దొరసాని అమ్మా. కంచరగాడిద" అన్నాను.

మొత్తం చెప్పాను. మంచు పడే ముందు పై శిబిరం ఖాళీ చేసి అందరూ దిగిపోతుండగా దొరసాని కాలు రాళ్ల మధ్య ఇరుక్కుని బెణకడం, నువ్వు దాంతో పాటు రాతిగుడిసెలో ఉండిపోవడం, వెనకాలే కనుమ మూసుకుపోవడం. చలికాలమంతా శిబిరంలో మిగిలిన సరుకు తింటూ, దాని కాలికి కాపడం పెడుతూ, మంచు కరిగాక దాన్ని నడిపించుకుంటూ నువ్వే దళానికి తిరిగి రావడం. వచ్చేసరికి నిన్ను పారిపోయినవాళ్లలో కలిపేసి ఉండటం.

లాయరమ్మ నోరెళ్లబెట్టింది. "ఇంత బంగారంలాంటి సంగతి పిటిషన్లో లేదేం?" అంది. ఏం చెప్పమంటావు? అంత పెద్ద కోర్టులో గాడిద ప్రస్తావన మర్యాదగా ఉండదని పొడుగు లాయరుగారూ నేనూ కూర్చుని దాన్ని తీసేశామని చెప్పాను. ఆ 'అనివార్య' అన్న మాట కోసం మేమిద్దరం ఒక పూటంతా తల బద్దలు కొట్టుకున్నామని కూడా చెప్పాను. ఆవిడ నా సుద్దముక్క తీసుకుని టేబుల్ మీద 'దొరసాని' అని పెద్ద అక్షరాలతో రాసింది. ఆ టేబుల్ మీదే ఇంకో లాయరుగారి తెల్లచొక్కా పరిచి ఉంది. దాన్ని మళ్లీ ఉతకాల్సొచ్చింది.

"పారిపోయేవాడు కుంటి జంతువుని పక్కన పెట్టుకుని పారిపోతాడా? పోయి, దాన్ని నడిపించుకుంటూ వచ్చి మళ్లీ అప్పజెపుతాడా?" అంటోంది. ట్రిబ్యునల్‌లో ఈ ముక్క చెబితే చాలట. కాకపోతే ఒక్కటి అడగమంది. అంతమంది దిగిపోతుంటే నువ్వొక్కడివే ఎలా ఉండిపోగలిగావు? ఎవరో ఒకరు ఉండమని చెప్పి ఉండాలి కదా అంటోంది. ఎవరు బావా?

నీ బావమరిది

◆

శీతల గిడ్డంగి,
గేటు గది

ఒరేయ్,

ఇది చదివాక నోరు కుట్టేసుకో. ఎలాగూ నీ పనే అది.

ఉండమన్నది మా పెద్ద హవల్దారుగారు. "నువ్వు దీంతో ఉండు, కిందికెళ్లి అధికారికి నేను చెబుతాను" అన్నారు. ఆయన మాటంటే నాకు ఆర్డరే. కానీ దిగే దారిలో ఆయనకు తీవ్రమైన జ్వరం వచ్చి స్పృహ తప్పింది. మోసుకుని ఆసుపత్రికి తీసుకెళ్లారు. చలికాలం సగం ఆయన మంచంలోనే ఉన్నారు. కోలుకున్నాక అక్కణ్నుంచి అటే పెన్షను ఇచ్చి ఇంటికి పంపేశారు. అధికారికి ఆ మాట అందనే లేదు.

నేను దిగి వచ్చాక 'ఎవరు ఉండమన్నారు?' అని అడిగారు. ఆయన పేరు చెబితే, ఒక మనిషిని మంచులో వదిలేసి ఎవరికీ చెప్పలేదన్న నేరం ఆయన మీద పడుతుంది. పెన్షను ఆపేస్తారు. ఆయనకు అదే ఆధారం. నేను నోరు విప్పలేదు. నేను ఇష్టపడి ఉద్యోగం మానుకున్నానని ఆయనకెవరో చెప్పారట. అలాగే అనుకోనీ.

నాకు జీను కట్టడం నేర్పింది ఆయన. నా మొదటి చలికాలంలో కాలివేళ్లు గడ్డకట్టిపోతుంటే, చొక్కా ఎత్తి నా పాదాలు తన పొట్టకి ఆనించుకుని రాత్రంతా కూర్చున్న మనిషి ఆయన. ఆయన మీద ఈగ వాలనివ్వను.

పెద్ద కోర్టులో ఈ ప్రశ్న ఎవరూ అడగరు. ట్రిబ్యునల్‌లో మొదట అడిగేది ఇదే. అందుకే వద్దన్నాను. ఇప్పుడు తెలిసిందిగా? లాయరమ్మకు చెప్పావంటే నా మీద ఒట్టే.

బావ

◆

కోర్టు వెనక సందు,
దర్జీ కొట్టు

బావా,

ఉత్తరం చదివాను. నాలుగేళ్లుగా నువ్వు పంతం కోసమే పోట్లాడుతున్నావని అనుకున్నాను. నీ మీద ఎన్ని జోకులు వేశానో తలుచుకుంటే నాకే సిగ్గేస్తోంది. మనిషివంటే నువ్వు బావా. అయినా మొండిఘటానివి కూడా. ఆ రెండో మాట వెనక్కి తీసుకోను.

లాయరమ్మకు చెప్పలేదు. ఒట్టు ఒట్టే. "ఉండమన్నదెవరో అడగొద్దమ్మా, ఆ ప్రశ్న తప్ప ఏదైనా అడగండి" అని మాత్రం అన్నాను. ఆవిడ నా ముఖం కేసి చూసి, ఇంకేం గుచ్చి అడగలేదు. ఆ పేరు లేకపోయినా ప్రయత్నిద్దాం అంది. కచ్చితంగా గెలుస్తామని చెప్పలేదు. కానీ ఇక్కడే ఉంటే ఓడిపోవడం కచ్చితమంది. ఇక్కడ ఇంకో రెండు వాయిదాలు పడేసరికి నీ వయసు దాటిపోతుంది.

నా మాట విను. ఆయన పేరు నువ్వు చెప్పకు, నేను చెప్పను. దొరసాని పేరు చెబుదాం. దానికి పెన్షను పోతుందన్న భయం లేదు కదా! సంతకం పెట్టి పంపించు. పెట్టకపోతే నీ కొత్త చొక్కాకి జేబులు వీపు మీద కుడతాను.

నీ బావమరిది

◆

శీతల గిడ్డంగి,
గేటు గది

ఒరేయ్ కత్తెరా,

సంతకం పెట్టాను. కాగితం ఇందులోనే ఉంది. పెట్టేటప్పుడు కలం సిరా కక్కి సగం అక్షరాలు అలుక్కుపోయాయి. అది నా సంతకమేనా అని మీ లాయరమ్మ అడిగితే నాదేనని సాక్ష్యం చెప్పు.

పెట్టేశాక మాత్రం ఏదో బరువు దిగినట్టుంది. నిజం చెప్పాలంటే ఆ పాత పిటిషన్లో నన్ను నేను ఎప్పుడూ గుర్తుపట్టలేదురా. అందులో ఉన్న మనిషికి ప్రాథమిక హక్కులున్నాయి, సహజ న్యాయముంది. కాళ్ల మీద మంచు, చేతిలో పగ్గం మాత్రం లేవు. దొరసాని గురించి రాస్తారంటే అది నా కథ అనిపిస్తోంది. అది పొద్దున దాణా తినకుండా ఒక్క అడుగు వేయదని కూడా రాయమను. ఆ పేరు అందుకే వచ్చింది.

ఒకవేళ ఉండమన్నదెవరని వాళ్లు గట్టిగా అడిగితే, నేనే ఉండిపోయానని చెప్పమను. ఓడిపోతే ఓడిపోతాను. గేటు ఉందిగా, లారీలున్నాయిగా.

మీ అక్క కళ్లద్దాలు మార్పించుకోవాలంటూ నీ దగ్గరికి బయల్దేరుతోంది. ఇక్కడ అద్దాలు దొరకవా అంటే, ఈ ఊళ్లో అమ్మే అద్దాలు మసకమసకగా ఉంటాయంది. నా పాత దళం ఉత్తరాలు కూడా మూటగట్టి తీసుకొస్తోంది. ఎందుకో నాకు అర్థం కాలేదు.

బావ

◆

కోర్టు వెనక సందు,
దర్జీ కొట్టు

బావా,

అయిపోయింది! నీ పిటిషను వెనక్కి వచ్చేసింది.

పొద్దున్నే తల దువ్వుకుని, ఉన్నవాటిలో మంచి చొక్కా వేసుకుని వెళ్లాను. ఏదో అంత్యక్రియలకు వెళ్తున్నట్టుంది. హాల్లో నేను కుట్టిన గౌనులు పదికి పైనే ఉన్నాయి. ఏ గౌనుకి ఎక్కడ అతుకు పడిందో చూసుకుంటూ కూర్చుంటే కాస్త ధైర్యమొచ్చింది. మన నంబరు పిలిచారు. లాయరమ్మ లేచి, "పిటిషనరు సైనిక సర్వీసు ట్రిబ్యునలును ఆశ్రయించదలిచారు. అందుకు అనుమతి ఇస్తూ ఉపసంహరణకు అంగీకరించాలి" అంది. జడ్జిగారు కళ్లద్దాల పైనుంచి చూసి, "నాలుగేళ్ల కిందట చేయాల్సిన పని" అన్నారు. తరవాత "అనుమతించాం" అన్నారు. సూదిలో దారం ఎక్కించేంత సేపట్లో అయిపోయింది.

బయటికొచ్చి మెట్ల మీద నిలబడితే ఏడుపు రాలేదు సరికదా, నవ్వొచ్చింది. నాలుగేళ్లుగా నేను గొప్పగా చెప్పుకు తిరిగిన కేసు! లాయర్లంతా చుట్టూ చేరి 'అభినందనలు' అంటున్నారు. ఓడిపోయినందుకా గెలిచినందుకా అని అడిగితే ఎవరికీ తెలియదు. ఒకాయనైతే మనం గెలిచామనే అనుకుని నా చెయ్యి పట్టుకుని ఊపాడు. నేనూ కాదనలేదు. ఆ మధ్యాహ్నమే లాయరమ్మ ట్రిబ్యునల్‌లో కొత్త దరఖాస్తు వేసింది. మొదటి పేరాలోనే దొరసాని ఉంది.

అక్క క్షేమంగా చేరింది. అద్దాల పని కాస్త ఆలస్యమవుతోంది. ఏదో ప్రత్యేకమైన అద్దాలట. ఒక పూట పొరుగూరు కూడా వెళ్లి రావాలంటోంది. నువ్వేం కంగారుపడకు. విచారణ రోజున నువ్వు రానక్కర్లేదని లాయరమ్మ అంది.

నీ బావమరిది

◆

శీతల గిడ్డంగి,
గేటు గది

ఒరేయ్ కత్తెరా,

అంత ప్రత్యేకమైన అద్దాలేమిట్రా? దూరదర్శిని చేయిస్తున్నారా ఏమిటి? మీ అక్క వెళ్లి ఎన్నాళ్లయింది! ఇక్కడ నా వంట నేనే తినలేకపోతున్నాను. నిన్న అన్నం మాడిన వాసనకి గిడ్డంగి మేనేజరు మంటలార్పే బకెట్టు పట్టుకుని పరిగెత్తుకొచ్చాడు.

విచారణకు రావాలని నాకెంతో ఉంది. కానీ ఇప్పుడు సరుకు దిగే కాలం. సెలవు ఇవ్వనన్నాడు. ఏం జరిగిందో పూస గుచ్చినట్టు రాయి. మంచీ చెడూ ఏదీ దాచొద్దు. ఈ మధ్య నీ ఉత్తరాల్లో ఏదో తేడాగా ఉంది. నువ్వు అబద్ధం ఆడేటప్పుడు అక్షరాలు గుండ్రంగా, ముద్దుగా రాస్తావు. చిన్నప్పటి నుంచీ చూస్తున్నాగా.

బావ

◆

కోర్టు వెనక సందు,
దర్జీ కొట్టు

బావా, బావా, బావా!

ముందే చెబుతున్నాను, నన్ను తిట్టడానికి వీల్లేదు. లాయరమ్మకు చెప్పొద్దని ఒట్టు పెట్టావు. చెప్పలేదు. అక్కకు చెప్పొద్దని నువ్వు ఎక్కడా రాయలేదు.

హవల్దారుగారి సంగతి రాసిన నీ ఉత్తరం అందిన రోజే అక్కకు కబురు పెట్టాను. అద్దాలూ లేవు, గిద్దాలూ లేవు. ఆ మూటలో దొరికిన చిరునామాతో, నా దగ్గరున్న నీ ఉత్తరం పట్టుకుని పెద్ద హవల్దారుగారి ఊరు వెళ్లింది. వెతుక్కుంటూ ఇంటికి వెళ్లి, ఆయన వరండాలో కూర్చుని, నీ ఉత్తరం చేతికిచ్చిందట. ఆయన చదివి లేచి నిలబడి ఎంత గట్టిగా అరిచారంటే, పక్కింటివాళ్లు బయటికొచ్చారట. "వాడెవడమ్మా నన్ను కాపాడటానికి? నన్ను అడిగాడా? మాట చెప్పింది నేను, ఉద్యోగం పోయింది వాడికా? ఇన్నేళ్లు నేను వాడి ఉసురు పోసుకుని పెన్షను తిన్నానా!" అన్నారట. తరవాత చిన్నపిల్లాడిలా ఏడ్చారట. ఆ తరవాత వెంటనే సంచి సర్దుకుని అక్కతో బయల్దేరి వచ్చేశారు.

నా కొట్టులోకి వచ్చీ రాగానే పాత యూనిఫాం కోటు టేబుల్ మీద పడేసి, "ఇది వేసుకునే చెబుతాను. బొత్తాలు పెట్టుకోవడం కుదరట్లేదు. ఏదో ఒకటి చెయ్యి" అన్నారు. బావా, ఆ బొత్తాలకీ కాజాలకీ మధ్య జానెడు దూరం! పక్క కుట్లు విప్పి, లోపలి మడతలు వదిలి, ఇంకో ముక్క అతికి పూర్తిచేసేసరికి తాతలు దిగొచ్చారు. ఇస్త్రీ చేసి తొడిగితే అద్దంలో చూసుకుని మీసం మెలేశారు. లాయరమ్మకు ఆయనే స్వయంగా చెప్పారు. కాబట్టి నా ఒట్టుకు ఏ భంగమూ లేదు.

ఇక విచారణ. ట్రిబ్యునల్ చాలా చిన్న హాలు. మెట్లు మూడే. బల్ల వెనక ఇద్దరు, ఒకాయన జడ్జి, ఇంకొకాయన తెల్ల కనుబొమల రిటైరయిన పెద్ద అధికారి. ప్రభుత్వ లాయరు లేచి, నువ్వు అనుమతి లేకుండా చలికాలమంతా కనిపించకుండా పోయావన్నాడు. తెల్ల కనుబొమలాయన దరఖాస్తు చదువుతూ చదువుతూ ఆగి, "దొరసానికి ఏ కాలు బెణికింది?" అని అడిగారు. అందరూ కాగితాలు తిరగేస్తున్నారు. వెనక బెంచీ మీంచి "ముందరి కుడికాలు సార్!" అని కేక.

హవల్దారుగారు నిటారుగా నిలబడి, ఎవరూ పిలవకుండానే ముందుకు నడిచి సెల్యూట్ కొట్టారు. "ఉండమని చెప్పింది నేను సార్. కిందికొచ్చి చెబుతానన్నది నేను. జ్వరంతో పడిపోయింది నేను. వాడు చేసిందల్లా ఆర్డరు పాటించి నోరు మూసుకోవడమే. నా పెన్షను తీసేస్తే తీసేయండి సార్, వాడి పేరు వాడికివ్వండి" అన్నారు. నేను బెంచీ అంచు పట్టుకుని కూర్చున్నాను. అక్క నా చెయ్యి నొక్కీ నొక్కీ వేళ్లు తిమ్మిరెక్కించింది.

ప్రభుత్వ లాయరు, "ఒక జంతువు కోసం ఇంత—" అని ఏదో అనబోయాడు. తెల్ల కనుబొమలాయన, "మీరెప్పుడైనా మంచులో ఆకలితో కూర్చుని కింద దారి కేసి చూశారా? నేను చూశాను. అన్నం తెచ్చింది ఆ జంతువులే" అన్నారు. జడ్జిగారైతే, "పారిపోయిన సైనికుడు ప్రభుత్వ ఆస్తిని నడిపించుకుంటూ తెచ్చి అప్పజెప్పడం నేను వినడం ఇదే మొదటిసారి" అని నవ్వారు. హాలంతా నవ్వింది. ప్రభుత్వ లాయరు కూడా ఆపుకోలేకపోయాడు. హవల్దారుగారి పెన్షనుకు ఏ ఢోకా లేదని అక్కడికక్కడే చెప్పారు. ఉండమనడం తప్పు కాదట, జ్వరం రావడం నేరం కాదట. మన తీర్పు మాత్రం రిజర్వు చేశారు. త్వరలో వస్తుంది.

కింద నాలుగు ముక్కలు అక్కవి:

ఏమండీ, నా మీద కోపం వద్దు. అన్నీ మీరొక్కరే మోస్తానంటే ఎలా? ఇంటికొచ్చాక తిట్టండి, వింటాను. గిన్నెలు మాడ్చి పెట్టారట, అవి నేను తోమను.

◆

శీతల గిడ్డంగి,
గేటు గది

ఒరేయ్,

ఓరి మీ అసాధ్యం కూలా! అక్కాతమ్ముళ్లిద్దరూ కలిసి నా చెవిలో ఎంత చక్కగా పువ్వు పెట్టారు!

ముందు కోపం వచ్చింది. ఉత్తరం మడిచి జేబులో పెట్టుకుని గేటు చుట్టూ తిరిగాను. మళ్లీ తీసి చదివాను. 'వాడి పేరు వాడికివ్వండి' అన్న దగ్గర ఆగిపోయాను. ఆ తరవాత అక్షరాలు కనపడలేదు. లారీ డ్రైవరు హారన్ కొట్టీ కొట్టీ దిగొచ్చి "ఏమైందన్నా, ఎవరైనా పోయారా?" అని అడిగాడు. "లేదు, దొరికారు" అన్నాను. అతనికేం అర్థమైందో కానీ నన్ను గట్టిగా వాటేసుకున్నాడు.

నాలుగేళ్లుగా ఆయన ముఖం చూడలేక దాక్కున్నానురా. ఆయన్ని కాపాడుతున్నాననుకున్నాను. ఆయనకు ఏది కావాలో ఒక్కసారైనా అడగలేదు. పెద్దాయన అక్కడే ఉంటే కాళ్లు పట్టుకున్నానని చెప్పు. వద్దు, నేనే వస్తున్నాను. సెలవివ్వకపోతే గేటు మేనేజరే తీసుకుంటాడు.

తీర్పు ఏదైనా కానీ. రాగానే రాయి.

బావ

◆

కోర్టు వెనక సందు,
దర్జీ కొట్టు

బావా,

నువ్వు వచ్చి వెళ్లి వారం కూడా కాలేదు, ఇంతలోనే ఉత్తరమేమిటి అనుకుంటున్నావా? ఆ రోజు కొట్టులో నువ్వూ పెద్దాయనా ఒకరినొకరు పట్టుకుని ఊగుతుంటే మిషను మీద ఉన్న గౌను కింద పడి తొక్కుళ్లపాలైంది. దాన్ని మళ్లీ ఇస్త్రీ చేసి ఇచ్చాను. అదలా ఉంచు.

తీర్పు వచ్చింది. కాపీ ఇందులో ఉంది. రెండో పేజీ చివర లాయరమ్మ గీత గీసింది, చూసుకో. 'పారిపోయినవాడు' అన్న నమోదు రద్దు. తిరిగి దళంలోకి, అదే హోదాతో. మధ్య కాలమంతా సర్వీసులో ఉన్నట్టే లెక్క.

గెలిచాం బావా! లాయరమ్మ కొట్టులోకి పరిగెత్తుకుంటూ వచ్చి, అడ్డంగా ఉన్న స్టూలు తన్నేసి, కాగితం నా చేతిలో పెట్టింది. నేను కత్తెర వదిలేసి సందంతా తిరిగి చెప్పాను. టైపు కొట్టేవాళ్లకి, స్టాంపులమ్మేవాళ్లకి, టీ బండివాడికి, దారిన పోయేవాళ్లకి కూడా. ఇప్పుడు సందులో ఎవరికి ఏ గొడవొచ్చినా నా దగ్గరికే వస్తున్నారు. "అన్నా, ఇది ఏ కోర్టులో వేయాలంటావ్?" అని. నేను టేపు మెళ్లో వేసుకుని, "ముందు మీ సంగతిలో గాడిద ఎక్కడుందో చెప్పండి" అంటున్నాను.

కొత్త యూనిఫాం కుట్టేది నేనే. ఇంకెవరి చేతైనా కుట్టించావంటే మన బంధుత్వం తెగిపోతుంది. కొలతలు నిజమైనవి పంపు. మీ ఇంట్లో ఆ అలవాటు లేదు.

నీ బావమరిది

◆

పై శిబిరం,
జీనుల గది

ఒరేయ్ కత్తెరా,

ఇక్కడ సిరా గడ్డకడుతోంది. కలం చంకలో పెట్టుకుని, వెచ్చబడ్డాక రెండు వాక్యాలు రాసి, మళ్లీ పెట్టుకుంటున్నాను. మీ అక్క కింది క్వార్టర్లలో దిగింది. గదికి రెండు కిటికీలున్నాయని తెగ మురిసిపోతోంది.

నీ యూనిఫాం అతికినట్టు సరిపోయింది. నడుము దగ్గర కాస్త బిగుతు. నిజం కొలతలే పంపాను, ఈసారి తప్పు నీదే.

దొరసాని గురించి అడుగుతావని తెలుసు. దానికి బరువుల నుంచి సెలవిచ్చేశారు. కింది పచ్చిక మైదానంలో తిని పడుకుంటోంది. చూడ్డానికి వెళ్లాను. నన్ను చూసి గుర్తుపట్టి పరిగెత్తుకొచ్చిందని రాయాలని ఉంది. కానీ రాలేదు. జేబులో బెల్లం వాసన పసిగట్టి వచ్చింది. బెల్లం తిని, నీ కష్టార్జితమైన జేబు మూత కూడా నమిలేసి వెళ్లిపోయింది. నేను మాత్రం చాలాసేపు దాని ముందరి కుడికాలు నిమురుతూ కూర్చున్నాను. వాపు ఆనవాలే లేదు.

ఇప్పుడు నాకు కొత్తదాన్ని ఇచ్చారు. వయసులో ఉంది, పొగరు ఎక్కువ. మొదటి రోజే నా టోపీ లాక్కుంది. దాని వెనకాల కొండ దారి ఎక్కుతుంటే ఊపిరి అందలేదు, మోకాళ్లు పట్టేశాయి. అయినా మధ్యలో ఆగి ఒక్కణ్నే నవ్వుకున్నాను. గేటు గదిలో కూర్చుని ఎన్నిసార్లు ఈ దారి నడిచానో నీకేం తెలుసు!

ఈ ఉత్తరం రాయడానికి అసలు కారణం వేరే. ఇవాళ పొద్దున్న ఇక్కడ మొదటిసారి హాజరు పిలిచారు. ఇంకా వెలుతురు రాలేదు. మంచులో వరసగా నిలబడ్డాం, ఎదురుగా చిన్న వయసు అధికారి పేర్ల కాగితం పట్టుకుని చదువుతున్నాడు. నా పేరు దగ్గరికి వస్తోందని తెలుస్తూనే ఉంది. పేరు పిలిచాడు. పేరొక్కటే, పక్కన ఇంకే మాటా లేదు.

"హాజర్ సార్!" అన్నాను.

గొంతు అంత పెద్దగా వస్తుందని నాకే తెలియదు. కొండ అవతలి నుంచి మళ్లీ వినిపించింది. కట్టేసి ఉన్న కంచరగాడిదలన్నీ చెవులు నిక్కబొడుచుకున్నాయి. ఆ కుర్ర అధికారి ఉలిక్కిపడి కాగితం జారవిడిచి, "ఇక్కడే ఉన్నాను కదయ్యా, కాస్త నెమ్మదిగా చెప్పు" అన్నాడు. అలాగే సార్ అని, రెండోసారి కూడా అంత గట్టిగానే చెప్పాను.

బావ